డబ్బు కట్ కాకముందు ఒక్క నిమిషం



ఈ రోజు మీతో ఒక చిన్న మెసేజ్ గురించి మాట్లాడాలని వచ్చాను. అది మన ఫోన్‌కే వస్తుంది. "రేపు మీ ఖాతాలోంచి ఫలానా కంపెనీకి ఇంత డబ్బు వెళ్తుంది" అని చెబుతుంది. కానీ రోజూ వచ్చే మెసేజ్‌ల మధ్య అది చాలామంది కంటికి ఆనదు.

మర్నాడు డబ్బులు కట్ అవుతాయి. అప్పుడు మొదలవుతుంది వెతుకులాట. ఈ కంపెనీ ఎవరిది? నేనెప్పుడు ఒప్పుకున్నాను? ఇప్పుడు ఎవరిని అడగాలి?

ఆ మెసేజ్ ముందురోజే చదివి ఉంటే పని ఒక్క నిమిషంలో అయిపోయేది. డబ్బులు కట్ అయ్యాక అదే పనికి మెయిళ్లు రాయాలి, ఫోన్లు చేయాలి, వారాల తరబడి ఎదురుచూడాలి. అందుకే మొదటే చెబుతున్నాను. డబ్బు కట్ కాకముందు ఒక్క నిమిషం. ఈ మాట గుర్తుపెట్టుకోండి. నేను మళ్లీ మళ్లీ చెబుతాను.

మన హైదరాబాద్‌లో తూర్పు వైపు ఒకసారి చూడండి. ఉప్పల్‌లో మెట్రో దిగి వరంగల్ రోడ్డు పట్టుకుంటే మేడిపల్లి, నారపల్లి, జోడిమెట్ల, ఆ తర్వాత పోచారం. ఇన్ఫోసిస్ క్యాంపస్ వచ్చాక ఆ ఊరి తీరే మారిపోయింది. చుట్టూ హాస్టళ్లు, అపార్ట్‌మెంట్లు, ఇంజనీరింగ్ కాలేజీలు. ఇటు నాచారం పారిశ్రామికవాడలో చిన్న, పెద్ద యూనిట్లు. సాఫ్ట్‌వేర్ రాసేవాళ్లూ, సాఫ్ట్‌వేర్‌తో బతుకుతున్నవాళ్లూ పక్కపక్కనే ఉన్న చోటు అది.

ఒకప్పుడు సాఫ్ట్‌వేర్‌ను సీడీ రూపంలో ఒక్కసారి కొనేవాళ్లం. ఏళ్ల తరబడి వాడుకునేవాళ్లం. ఇప్పుడు దాదాపు అన్నిటికీ అద్దె కడుతున్నాం. నెలకింత, ఏడాదికింత. యాంటీ వైరస్‌కు అద్దె. ఫోటోలు దాచుకునే చోటుకు అద్దె. లెక్కలు రాసే సాఫ్ట్‌వేర్‌కు అద్దె. అయితే ఇంటి అద్దెకూ దీనికీ ఒక పెద్ద తేడా ఉంది. ఇల్లు ఖాళీ చేసి తాళం ఇచ్చేస్తే అద్దె ఆగిపోతుంది. యాప్‌ను ఫోన్‌లోంచి తీసేస్తే ఈ అద్దె ఆగదు. మళ్లీ చెబుతున్నాను. యాప్ డిలీట్ చేసినంత మాత్రాన డబ్బు కట్ అవడం ఆగదు.

ఒక ఉదాహరణ చెబుతాను. పోచారంలో హాస్టల్‌లో ఉంటున్న ఒక కుర్రాడు అనుకోండి. ఉద్యోగాల వేటలో ఉన్నాడు. మంచి రెజ్యూమె తయారుచేసే యాప్ ఒకటి కనబడింది. వారం రోజుల ట్రయల్, ఒక్క రూపాయి మాత్రమే అని పెద్ద అక్షరాల్లో ఉంది. రూపాయే కదా అని నొక్కాడు. యూపీఐ యాప్ తెరుచుకుంది. పిన్ కొట్టాడు. రెజ్యూమె తయారైంది. యాప్ తీసేశాడు. వారం గడిచింది. నాలుగైదు వందలు కట్ అయ్యాయి. వచ్చే నెల మళ్లీ కట్ అవుతాయి. ఆపై నెల కూడా.

ఏం జరిగింది? ఆ కుర్రాడు పిన్ కొట్టిన తెరను ఒకసారి దగ్గరగా చూద్దాం. పైన ఒక్క రూపాయి అని ఉంటుంది. కళ్లన్నీ అక్కడే ఉంటాయి. దాని కింద చిన్న అక్షరాల్లో నాలుగు వివరాలు ఉంటాయి. ఒకటి, ఎవరికి వెళ్తుంది. రెండు, గరిష్ఠంగా ఎంత వెళ్లవచ్చు. మూడు, ఎన్నాళ్లకోసారి. నాలుగు, ఏ తేదీ వరకు. ఆ చివరి తేదీ పదేళ్ల తర్వాతది అయినా కావచ్చు. పిన్ కొట్టడం అంటే ఆ నాలుగింటికీ ఒప్పుకున్నట్టే. అక్కడ ఆటోపే అనో, మ్యాండేట్ అనో మాట కనబడితే చాలు, చేయి ఆపండి. డబ్బు దానంతటదే కట్ కావడానికి ఇచ్చే అనుమతి అది. ఆ నాలుగు వివరాలు చదవండి. ఎవరికి, ఎంత, ఎన్నాళ్లకోసారి, ఎప్పటిదాకా. చదివాకే పిన్.

ఇంకో ఉదాహరణ. నాచారంలో ఒక చిన్న యూనిట్. యజమాని డిజైన్ పని కోసం ఒక సాఫ్ట్‌వేర్ తీసుకున్నారు. మొదటి ఏడాది సగం ధర. అప్పట్లో అకౌంట్స్ చూసే అబ్బాయి తన మెయిల్ ఐడీతో నమోదు చేశాడు. కార్డు మాత్రం యజమానిది. తర్వాత ఆ అబ్బాయి ఉద్యోగం మారాడు. ఏడాది తిరిగింది. రెన్యువల్ అవుతోందన్న మెయిల్ కంపెనీ నుంచి అతనికే వెళ్లింది. అతను చూడలేదు. ఈసారి డిస్కౌంట్ లేదు. పూర్తి ధర. ధర డాలర్లలో ఉంటే దాని మీద బ్యాంకు వేసే ఛార్జీ కూడా కలుస్తుంది. పన్ను సరేసరి. బ్యాంకు మెసేజ్‌ను గమనించని యజమానికి స్టేట్‌మెంట్ చూశాక గానీ సంగతి తెలియలేదు.

ఇక్కడ ఎవరూ మోసం చేయలేదు. కానీ నష్టం మాత్రం నిజం. కాబట్టి చిన్న వ్యాపారాలు నడుపుతున్నవాళ్లు ఒక పని చేయండి. ఆఫీసులో వాడే ప్రతి సాఫ్ట్‌వేర్‌కూ ఆఫీసు మెయిల్ ఐడీనే ఇవ్వండి. రెన్యువల్ తేదీలు గోడ మీద క్యాలెండర్‌లో రాయండి. అసలు తేదీ దగ్గర కాదు. వారం ముందు తేదీ దగ్గర రాయండి. ఎవరైనా ఉద్యోగం మానేసి వెళ్తున్నప్పుడు తాళాలు తీసుకున్నట్టే ఈ వివరాలు కూడా తీసుకోండి.

ఇప్పుడు మొదట చెప్పిన మెసేజ్ దగ్గరకు వద్దాం. అది బ్యాంకు దయతో పంపేది కాదు. మన హక్కుగా వచ్చేది.

రిజర్వు బ్యాంకు 2019 ఆగస్టులో కార్డులకు ఈ నియమం తెచ్చింది. తర్వాత యూపీఐకి కూడా వర్తింపజేసింది. గడువులు పొడిగిస్తూ వచ్చి, 2021 అక్టోబరు 1 నుంచి గట్టిగా అమల్లో పెట్టింది. నియమం సారం చాలా తేలిక. కార్డు నుంచి గానీ, యూపీఐ నుంచి గానీ డబ్బు దానంతటదే కట్ అయ్యే ఏర్పాటు ఉంటే, కట్ కావడానికి కనీసం 24 గంటల ముందు మనకు చెప్పాలి. ఏ కంపెనీకి, ఎంత, ఏ రోజు, దేనికోసం అన్నది చెప్పాలి. ఈ ఒక్కసారికి వద్దు అని గానీ, ఇక ఎప్పటికీ వద్దు అని గానీ చెప్పే దారి అందులోనే చూపించాలి. విదేశీ కంపెనీ అయినా సరే, మన దేశంలో ఇచ్చిన కార్డు మీద కట్ చేస్తుంటే ఇదే నియమం.

ఇంకొకటి. మామూలు సబ్‌స్క్రిప్షన్లకు ఒక్కసారికి కట్ అయ్యేది 15,000 రూపాయలు దాటితే మన అనుమతి మళ్లీ తీసుకోవాలి. కార్డు అయితే ఓటీపీ, యూపీఐ అయితే పిన్. అంతకు లోపు ఉన్నవి మాత్రమే వాటంతటవే కట్ అవుతాయి. 2022 జూన్ నుంచి ఈ హద్దు ఉంది. ఫాస్టాగ్‌లో డబ్బు నింపడం లాంటి కొన్నిటికి ముందు మెసేజ్ అక్కర్లేదని 2024లో మినహాయింపు ఇచ్చారు. సాఫ్ట్‌వేర్‌కు, యాప్‌లకు మాత్రం ఆ మినహాయింపు లేదు. ముందు చెప్పాల్సిందే.

మరి మనకు ఆ మెసేజ్ ఎందుకు కనబడటం లేదు? చాలాసార్లు కారణం చిన్నదే. బ్యాంకులో మన పాత ఫోన్ నంబరు ఉండిపోతుంది. లేదా ఎప్పుడూ తెరవని మెయిల్ ఐడీ ఇచ్చి ఉంటాం. లేదా యూపీఐ యాప్ ఆఫర్ల మోత భరించలేక నోటిఫికేషన్లన్నీ ఆపేసి ఉంటాం. అలా ఆపేస్తే ఆఫర్లతో పాటు ఈ హెచ్చరిక కూడా ఆగిపోతుంది. కాబట్టి బ్యాంకులో నంబరు, మెయిల్ సరిచూసుకోండి. యూపీఐ యాప్‌లో చెల్లింపుల నోటిఫికేషన్లు తెరిచి ఉంచండి. అప్పుడే ఆ ఒక్క నిమిషం మీకు దక్కుతుంది.

సరే. వద్దనుకున్న సబ్‌స్క్రిప్షన్ ఒకటి ఉందని తెలిసింది. ఏం చేయాలి? మూడు మాటలు చెబుతాను. ఆపండి. అడగండి. ఫిర్యాదు చేయండి. ఈ వరసలోనే.

మొదటిది, ఆపండి. రెండు చోట్ల ఆపాలి. కంపెనీ దగ్గర ఒకసారి, మన డబ్బు దగ్గర ఒకసారి.

కంపెనీ దగ్గర ఎలా? ఆండ్రాయిడ్ ఫోన్ అయితే ప్లే స్టోర్ తెరవండి. పైన కుడివైపు మీ బొమ్మ ఉంటుంది. దాన్ని నొక్కితే పేమెంట్స్ అండ్ సబ్‌స్క్రిప్షన్స్ అని వస్తుంది. అందులో మీరు కడుతున్నవన్నీ కనబడతాయి. ఐఫోన్ అయితే సెట్టింగ్స్‌లో పైన మీ పేరు నొక్కండి. సబ్‌స్క్రిప్షన్స్ అక్కడే ఉంటాయి. కంపెనీ వెబ్‌సైట్‌లో నేరుగా తీసుకున్నదైతే ఆ వెబ్‌సైట్‌లోనే లాగిన్ అయి క్యాన్సిల్ చేయాలి. క్యాన్సిల్ అయినట్టు మెయిల్ వస్తుంది. దాన్ని దాచుకోండి. తెరను ఫోటో తీసి పెట్టుకోండి.

మన డబ్బు దగ్గర ఎలా? మీ యూపీఐ యాప్‌లో ఆటోపే అని ఒక చోటు ఉంటుంది. మీరు పిన్ కొట్టి ఇచ్చిన అనుమతులన్నీ అక్కడ వరసగా కనబడతాయి. వద్దనుకున్నదాన్ని అక్కడే రద్దు చేయవచ్చు. కార్డు మీద పెట్టినవైతే మీ బ్యాంకు యాప్‌లోనో, నెట్ బ్యాంకింగ్‌లోనో ఈ-మ్యాండేట్స్ అని వెతకండి. దొరక్కపోతే బ్యాంకుకు ఫోన్ చేసి అడగండి. అనుమతి ఇచ్చింది మనమే. వెనక్కి తీసుకునే హక్కు కూడా మనదే.

రెండు చోట్లా ఎందుకు అంటారా? బ్యాంకు దగ్గర మాత్రమే ఆపితే, కంపెనీ లెక్కలో మీరు ఇంకా చందాదారులే. ఏడాది ఒప్పందం అయితే బాకీ ఉందని మెయిళ్లు పంపుతూనే ఉంటారు. రెండు చోట్లా ఆపితే మనసు నిశ్చింతగా ఉంటుంది.

ట్రయల్ తీసుకునేవాళ్లకు ఒక మాట. చాలా యాప్‌లలో మొదటి రోజే క్యాన్సిల్ చేసినా, ట్రయల్ గడువు అయ్యేదాకా వాడుకోనిస్తారు. ఆ సంగతి క్యాన్సిల్ పేజీలోనే రాసి ఉంటుంది. చదువుకుని, మొదటి రోజే క్యాన్సిల్ చేసేయండి. నచ్చితే తర్వాత మళ్లీ తీసుకోవచ్చు.

రెండోది, అడగండి. డబ్బు ఇప్పటికే కట్ అయిపోయింది. అయినా అడగవచ్చు. అయితే ఆలస్యం చేయకూడదు. చూసిన రోజే అడగాలి. ప్లే స్టోర్‌లో అయితే కొన్న 48 గంటల లోపు రీఫండ్ అడగడం తేలిక. ఆ తర్వాత యాప్ తయారుచేసినవాళ్లను అడగాల్సి వస్తుంది. యాపిల్‌కు కూడా రీఫండ్ అడిగే పేజీ ఉంది. మిగతా కంపెనీలకు మెయిల్ రాయండి.

పెద్ద ఉత్తరం అక్కర్లేదు. ఇలా రాస్తే చాలు. "ఈ తేదీన నా ఖాతా నుంచి ఇంత మొత్తం కట్ అయింది. లావాదేవీ నంబరు ఇది. రెన్యువల్ తర్వాత నేను ఈ సాఫ్ట్‌వేర్ వాడలేదు. నా సబ్‌స్క్రిప్షన్ రద్దు చేసి, డబ్బు తిరిగి ఇవ్వండి." అంతే. నాలుగు వాక్యాలు. కోపం వద్దు, వివరణలు వద్దు. తేదీ, మొత్తం, నంబరు ఉంటే చాలు. రెన్యువల్ తర్వాత వాడలేదు అన్న మాట నిజమైతే తప్పకుండా రాయండి. దానికి బరువు ఎక్కువ.

మూడోది, ఫిర్యాదు చేయండి. ఎవరి మీద, ఎక్కడ అన్నది ముందు తేల్చుకోవాలి.

ముందు మెసేజ్ పంపకుండానే కట్ చేశారా? రద్దు చేసినా కట్ అయిందా? మీరు అసలు ఒప్పుకోనే లేదా? అయితే ముందు బ్యాంకుకు చెప్పండి. మీ అనుమతి లేకుండా డబ్బు పోతే మూడు పనిరోజుల లోపు చెప్పాలి. రిజర్వు బ్యాంకు 2017లో పెట్టిన నియమం ఇది. తప్పు బయటివాళ్లది అయినప్పుడు, ఆ లోపు చెప్పినవాళ్ల మీద భారం పడకూడదు. ఆలస్యమైతే మనమూ కొంత భరించాల్సి రావచ్చు. కాబట్టి మూడు పనిరోజులు. ఫిర్యాదు నంబరు రాసుకోండి. బ్యాంకు 30 రోజుల్లో జవాబు ఇవ్వకపోయినా, ఇచ్చిన జవాబు సరిగా లేకపోయినా రిజర్వు బ్యాంకు ఓంబుడ్స్‌మన్ దగ్గరకు వెళ్లవచ్చు. అది ఉచితం. ఆ వివరాలకు ఫోన్ నంబరు 14448. మళ్లీ చెబుతున్నాను. 1-4-4-4-8.

కంపెనీయే సరిగా స్పందించడం లేదా? క్యాన్సిల్ బటన్ దొరకకుండా దాచారా? అప్పుడు జాతీయ వినియోగదారుల హెల్ప్‌లైన్. నంబరు 1915. 1-9-1-5. తెలుగులో మాట్లాడవచ్చు.

ఇక్కడ ఒక సంగతి మీకు తప్పక తెలియాలి. 2023 నవంబరు 30న కేంద్ర వినియోగదారుల రక్షణ సంస్థ కొన్ని మార్గదర్శకాలు ఇచ్చింది. కొనుగోలుదారుణ్ణి పక్కదారి పట్టించే 13 రకాల పద్ధతులను అందులో నిషేధించింది. వాటిలో ఒకటి ఈ సబ్‌స్క్రిప్షన్ ఉచ్చు. చేరడం తేలిక చేసి, బయటపడటం కష్టం చేయడం తప్పు. క్యాన్సిల్ దారిని దాచడం తప్పు. ఉచితం అని పిలిచి, ఆటోపే అనుమతి ఇస్తేనే లోపలికి రానిస్తాననడం కూడా ఆ ఉచ్చులో భాగమేనని స్పష్టంగా రాశారు. కాబట్టి, "మేమే చూసుకోలేదు, తప్పు మాదే" అని తల దించుకుని ఊరుకోకండి. ఆ తెరను అలా తయారుచేసినవాళ్లకు బాధ్యత ఉంది. అడగండి.

అప్పటికీ న్యాయం జరగకపోతే జిల్లా వినియోగదారుల కమిషన్ ఉంది. ఉప్పల్, నాచారం, పోచారం మూడూ మేడ్చల్–మల్కాజిగిరి జిల్లాలోనివే. కంపెనీ బెంగళూరులో ఉందా, ఇంకో దేశంలో ఉందా అన్న దిగులు అక్కర్లేదు. 2019 నాటి వినియోగదారుల రక్షణ చట్టం ప్రకారం మీరు నివసించే జిల్లాలోనే కేసు వేయవచ్చు. ఐదు లక్షల లోపు కొనుగోళ్లకు ఫీజు లేదు. వకీలు లేకుండా మీరే చెప్పుకోవచ్చు.

ఈ బాధ మనకు మాత్రమే కాదు. అమెరికాలో ఉన్న మన పిల్లలకూ ఉంది. అక్కడి ఫెడరల్ ట్రేడ్ కమిషన్ సిఫార్సు మీద అమెరికా ప్రభుత్వం 2024 జూన్‌లో అడోబీ కంపెనీ మీద దావా వేసింది. నెలకింత అని చూపించి, నిజానికి ఏడాది ఒప్పందంలో చేర్చుకుంటున్నారని, మధ్యలో మానేస్తే కట్టాల్సిన ఛార్జీని కనబడకుండా పెట్టారని ఆ దావాలో ఆరోపణ. అమెజాన్ మీద కూడా అదే కమిషన్ కేసు వేసింది. ప్రైమ్‌లో తెలియకుండా చేర్చుకుంటున్నారని, బయటికి వెళ్లే దారి చుట్టూ తిప్పుతున్నారని. 2025 సెప్టెంబరులో ఆ కేసు 250 కోట్ల డాలర్ల ఒప్పందంతో ముగిసింది. అందులో 150 కోట్లు వినియోగదారులకు తిరిగి ఇవ్వడానికే. అంత పెద్ద కంపెనీ కూడా డబ్బు తిరిగి ఇవ్వాల్సి వచ్చింది. మీ నాలుగు వందల రూపాయల ఫిర్యాదు కూడా వృథా పోదు.

చివరగా ఒక హెచ్చరిక. ఇది చాలా ముఖ్యం. ఈ గందరగోళంలోకే దొంగలు కూడా దూరుతున్నారు. "మీ యాంటీ వైరస్ రెన్యువల్ అయింది, ఇన్ని వేలు కట్ అయ్యాయి, వద్దనుకుంటే ఈ నంబరుకు ఫోన్ చేయండి" అని మెయిల్ వస్తుంది. గుండె దడదడలాడుతుంది. వెంటనే ఫోన్ చేస్తాం. అదే వాళ్లకు కావాల్సింది. అలాంటి మెయిల్ వస్తే ఆ నంబరుకు ఫోన్ చేయకండి. ముందు మీ బ్యాంకు ఖాతా చూడండి. నిజంగా డబ్బు పోయిందా? పోకపోతే ఆ మెయిల్ అబద్ధం.

అలాగే కంపెనీ కస్టమర్ కేర్ నంబరు కోసం ఇంటర్నెట్‌లో వెతికి, కనబడిన మొదటి నంబరుకు ఫోన్ చేయకండి. యాప్‌లోనో, కంపెనీ సొంత వెబ్‌సైట్‌లోనో ఉన్న నంబరే సరైనది. రీఫండ్ పంపుతాం, మీ ఫోన్ తెర మాకు చూపించే యాప్ పెట్టుకోండి అంటే ఫోన్ పెట్టేయండి. రీఫండ్ రావాలంటే పిన్ కొట్టండి అంటే ఫోన్ పెట్టేయండి. డబ్బు రావడానికి పిన్ అక్కర్లేదు. పిన్ కొడితే డబ్బు పోతుంది. పొరపాటున పోతే వెంటనే 1930కి ఫోన్ చేయండి. 1-9-3-0. ఎంత త్వరగా చేస్తే డబ్బు ఆపే వీలు అంత ఎక్కువ.

శ్రోతలారా, మొత్తం మరొక్కసారి. ఆటోపేకు పిన్ కొట్టేముందు ఎవరికి, ఎంత, ఎన్నాళ్లకోసారి, ఎప్పటిదాకా అన్నది చదవండి. యాప్ తీసేస్తే చెల్లింపు ఆగదు. వద్దనుకుంటే కంపెనీ దగ్గర, బ్యాంకు దగ్గర, రెండు చోట్లా ఆపండి. ఆ రోజే రీఫండ్ అడగండి. వినకపోతే ఫిర్యాదు చేయండి. బ్యాంకు సంగతికి 14448. కంపెనీ సంగతికి 1915. దొంగల సంగతికి 1930.

ఈ ప్రసంగం అయ్యాక మీ ఫోన్ తీయండి. యూపీఐ యాప్‌లో ఆటోపే తెరవండి. అక్కడ ఎన్ని అనుమతులు ఉన్నాయో చూడండి. ఇంట్లో అమ్మ ఫోన్‌లో, నాన్న ఫోన్‌లో కూడా పక్కన కూర్చుని చూపించండి. పిల్లల ఆటల కోసం ఎప్పుడో నొక్కినవి వాళ్ల ఫోన్లలో ఉండవచ్చు. వాళ్లకు స్టేట్‌మెంట్‌లో ఆ పేరు చూసినా అర్థం కాకపోవచ్చు. అక్కరలేనివి ఇవాళే తీసేయండి. అక్కర ఉన్నవాటి తేదీలు రాసి పెట్టుకోండి. కష్టపడి సంపాదించుకున్న డబ్బు మీకు తెలిసే ఖర్చు కావాలి. డబ్బు కట్ కాకముందు ఒక్క నిమిషం చాలు.